సువాసనాభరిత ద్రావకము

పేరయ్య తాగుడు మానేసి అప్పటికి పద్నాలుగు నెలలయింది. ఈ లెక్క అతనికంటే అతని భార్య సుబ్బరావమ్మకే బాగా తెలుసు. ఆమె తమ్ముడి పెళ్లి ఊరేగింపులో పేరయ్య బాగా పుచ్చుకుని, పెళ్లికొడుకు ఎక్కాల్సిన కారెక్కి కూర్చున్నాడు. ఎంతమంది బతిమాలినా దిగలేదు. చివరికి పెళ్లికూతురు వాళ్లు చీకట్లో పోల్చుకోలేక అతనికే హారతి ఇచ్చారు. మర్నాడు సుబ్బరావమ్మ అతనిచేత పాడిగేదె నెత్తిన చెయ్యి పెట్టించి ఒట్టు వేయించింది. ఆ రోజునుంచీ అతను ఎక్కడికి వెళ్లొచ్చినా సరే, గడపలో నిలబెట్టి వాసన చూశాకే లోపలికి రానిచ్చేది.

పేరయ్య ఒట్టు నిలబెట్టుకున్నాడు. ఇష్టమై కాదు, గేదె మీద గౌరవంతో.

తొంభై తొమ్మిదిలో దసరా వెళ్లిన వారం, పత్తి చేలో పచ్చపురుగు పడింది. చిలకలూరిపేటలో పురుగుమందుల కొట్టు నడిపే హుస్సేన్ సాహెబ్ ఓ కొత్త మందు డబ్బా చేతిలో పెట్టాడు. పేరయ్య రెండెకరాలకూ ఒక్కడే పంపు మోసుకుని మందు కొట్టి, పొద్దు వాలుతుండగా ఇంటికొచ్చాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి. భుజాలు లాగేసి నడక కొంచెం అటూ ఇటూ పోతోంది. గడపలో ఉన్న సుబ్బరావమ్మ ముక్కు మూసుకుంది.

"మందు కొట్టొచ్చావా?" అంది.

"కొట్టాను. ఒక్కణ్ణే పది ట్యాంకులు కొట్టాను," అన్నాడు పేరయ్య గర్వంగా. అలా అన్నందుకు తర్వాత చాలా రోజులు బాధపడ్డాడు.

"నేనడిగేది చేనుకు కొట్టింది కాదు."

"చేనుదే ఈ కంపు. ఇంకేం లేదే."

సుబ్బరావమ్మ మారుమాట్లాడకుండా అతని సంచిలోంచి మందు డబ్బాతోపాటు ఇచ్చిన కాగితం తీసింది. నలభై రెండో ఏట వయోజన విద్య తరగతికి వెళ్లి చదవడం నేర్చుకున్న మనిషి ఆమె. నేర్చుకున్నది ఒక్క అక్షరం కూడా వృథా పోనిచ్చేది కాదు. సబ్బు కాగితాలూ బస్సు టికెట్లూ ఎరువుల బస్తాలూ అన్నీ చదివేది. చదివింది నమ్మేది. ఊరికే అచ్చేస్తారా, అచ్చేశారంటే దాన్ని నలుగురు పెద్దమనుషులు చూసే ఉంటారని ఆమె లెక్క.

ఆ కాగితాన్ని వెలుతురుకు పట్టి, వేలు పెట్టి కూడబలుక్కుంటూ చదివింది. "ఈ మందునందలి క్రియాశీల పదార్థము సు… వా… సనా… సువాసనాభరిత ద్రావకమునందు కరిగియుండును."

చదవడమయ్యాక మొగుడి వంక చూసింది.

"ఈ మందు సువాసన అంట. మరి నీ దగ్గర వచ్చే కంపు ఎక్కడిదయ్యా?"

తాగిన రోజుల్లో కూడా ఇంత దొరికిపోయినట్టు అనిపించలేదు పేరయ్యకు. ఆ పూటనుంచి అతని కంచం వసారాలోకి వచ్చింది. సుబ్బరావమ్మ అతనితో మాట్లాడడం మానేసి, చెప్పాల్సిందేదైనా ఉంటే గేదెకు చెప్పేది. "ఒట్టు నీ మీదేనే వేసింది, చూశావా మా తల్లీ?" అని ఆమె అంటుంటే గేదె కూడా తనవంక అదోలా చూస్తున్నట్టే ఉండేది పేరయ్యకు. పక్కింటి యలమందయ్య గోడ మీదినుంచి తొంగిచూసి, "ఒరేయ్, ఎక్కడ దొరికిందిరా, నాకు చెప్పకుండా?" అని అడిగి పుండు మీద కారం చల్లాడు.

మూడో రోజు పేరయ్య కాగితం జేబులో పెట్టుకుని పేట బస్సెక్కాడు.

"సాహెబు గారూ, దీంట్లో సువాసన అని ఎందుకుంది?" అని కొట్లో నిలదీశాడు.

"అమ్మేవాణ్ణే గాని, రాసేవాణ్ణి కాదు పేరయ్యా," అన్నాడు హుస్సేన్ సాహెబ్. "కంపెనీవాళ్లు ఇంగ్లీషు కాగితం పంపారు. తెలుగులో ఉంటే రైతులకు బాగుంటుందని నేనే మన ప్రేమదాసు మాస్టారి చేత రాయించాను. పెళ్లి శుభలేఖలన్నీ ఆయనే రాస్తాడు. ఒక్క తప్పుండదు."

ప్రేమదాసు మాస్టారు తెలుగు పండితుడిగా పనిచేసి రిటైరయ్యాడు. ఇద్దరూ ఆయన ఇంటికెళ్లి సంగతి చెప్పగానే నొచ్చుకుని, లోపలికెళ్లి రెండు చేతులతో ఓ నిఘంటువు మోసుకొచ్చాడు.

"ఇంగ్లీషులో ఆరోమాటిక్ సాల్వెంట్ అని ఉందయ్యా. ఆరోమాటిక్ అంటే సువాసన గల. సాల్వెంట్ అంటే ద్రావకం. చూడు, నీ కళ్లతోనే చూడు."

"చూస్తే కాదు మాస్టారూ, పీలిస్తే తెలుస్తుంది," అని పేరయ్య, మందు కొట్టిన రోజు వేసుకున్న చొక్కాను సంచిలోంచి తీసి ఆయన ముక్కు దగ్గర పెట్టాడు.

మాస్టారు రెండడుగులు వెనక్కి వేసి, కాసేపు కళ్లు తుడుచుకున్నాడు. "పదం తప్పు కాదు. పదార్థమే తప్పు," అని తేల్చాడు చివరికి.

ఈ గొడవ తేల్చగల మనిషి ఎవరా అని ముగ్గురూ ఆలోచిస్తుంటే హుస్సేన్ సాహెబ్‌కు తన కూతురే గుర్తొచ్చింది. రుక్సానా ఎమ్మెస్సీ కెమిస్ట్రీ చదివి, పేటలోనే ఓ జూనియర్ కాలేజీలో పాఠాలు చెబుతోంది. కాలేజీ నుంచి రాగానే విషయమంతా విని, నవ్వు ఆపుకోవడానికి మంచినీళ్లు తాగొచ్చింది.

"ఆరోమాటిక్ అంటే మా సబ్జెక్టులో వాసన కాదు బాబాయ్. మొదట్లో ఈ జాతి పదార్థాలు కొన్ని దొరికినప్పుడు మంచి వాసన వచ్చాయని ఆ పేరు పెట్టారు. తర్వాత చూస్తే వాటి గొప్ప వాసనలో లేదు, లోపలి కట్టుబడిలో ఉంది. అదే కట్టుబడి ఉన్నవి కంపు కొట్టేవి కూడా బోలెడు దొరికాయి. పేరు మాత్రం పాతదే ఉండిపోయింది."

పేరయ్యకు ప్రాణం లేచొచ్చింది. "ఈ ముక్క మా ఇంటిదానికి చెప్పమ్మా. నేను చెబితే నమ్మదు. నువ్వు చెప్పినా, అచ్చులో లేకపోతే నమ్మదు."

ఆదివారం పొద్దున్నే పేరయ్య ఇంటిముందు స్కూటరు ఆగింది. తండ్రి వెనక కూర్చున్న రుక్సానా చేతిలో తెలుగు మీడియం ఇంటర్ రెండో ఏడాది కెమిస్ట్రీ పుస్తకం ఉంది. వెనకాలే ఆటోలో ప్రేమదాసు మాస్టారు నిఘంటువుతో దిగాడు. పొదుపు సంఘం ఆడవాళ్లు నలుగురు ఆ వేళకు అక్కడే ఉన్నారు. సుబ్బరావమ్మ అందరికీ మజ్జిగ ఇచ్చి, పేరయ్యకు మాత్రం ఇవ్వకుండా, అరుగు మీద కూర్చుంది.

రుక్సానా ఊరికే చెప్పలేదు. మనుషుల్ని నిలబెట్టింది.

"ఆరు కార్బన్లు కావాలి. చేతులు పట్టుకుని గుండ్రంగా నిలబడండి."

సంఘం ఆడవాళ్లు నలుగురూ లేచారు. ఐదోవాడిగా, తమాషా చూడ్డానికొచ్చిన యలమందయ్యను లాగారు. ఆరోది తక్కువైతే మాస్టారు నిఘంటువు పక్కన పెట్టి వచ్చి, "కర్బనం అనండమ్మా, కార్బన్ అనకండి," అని సవరించి వలయంలో కలిశాడు.

"ఇప్పుడు కోలాటం అనుకోండి," అంటూ రుక్సానా ఆరు పత్తికట్టెలు పంచింది. "ఎవరి కర్ర వాళ్ల దగ్గరే ఉంచుకోకూడదు. పక్కవాళ్లకు ఇస్తూ, ఇటునుంచి తీసుకుంటూ తిప్పుతూనే ఉండాలి."

కర్రలు తిరగడం మొదలైంది. కాసేపటికి జోరందుకుని ఎవరో పాట కూడా ఎత్తుకున్నారు. యలమందయ్య ఎదురు తిప్పబోయి మాస్టారి మోకాలికి తగిలించాడు. అయినా వలయం తెగలేదు.

"పిన్నీ, ఇప్పుడు ఏ కర్ర ఎవరిదో చెప్పు," అంది రుక్సానా.

సుబ్బరావమ్మ తలను కర్రలతోపాటు తిప్పి తిప్పి, "ఏ ఒక్కళ్లదీ కాదుగా. అందరిదీను," అంది.

"అదే ఆరోమాటిక్ అంటే. ఆరు కార్బన్లు గుండ్రంగా కట్టుకుని, ఎలక్ట్రాన్లని అందరూ కలిసి వాడుకుంటాయి. అందుకే ఓ పట్టాన విడిపోవు. వాసనతో పని లేదు."

"వాసనతో పని లేకపోతే సువాసన అని పేరెందుకమ్మా?"

"మీ ఇంటిపేరేంటి పిన్నీ?"

"గంధం వాళ్లం."

"బాబాయ్ దగ్గర ఎప్పుడన్నా గంధం వాసన వచ్చిందా?"

సుబ్బరావమ్మ మొగుణ్ణి కిందినుంచి పైదాకా చూసి, నిజాయితీగా ఆలోచించింది. "పెళ్లినాడు పూసినప్పుడు కూడా రాలేదు," అంది.

అప్పుడు రుక్సానా పుస్తకం తెరిచి ఆమె ముందు పెట్టింది. సుబ్బరావమ్మ వేలు పెట్టి ఆ పేరాను రెండుసార్లు చదివింది. వాసనకూ ఆ పేరుకూ ఇప్పుడు సంబంధం లేదని అచ్చులోనే ఉంది. అచ్చులో ఉన్న రెండు మాటలు ఒకదానితో ఒకటి పోట్లాడుకోవడం ఆమె జీవితంలో అదే మొదటిసారి. పుస్తకం మూసి రుక్సానాకు ఇచ్చేసింది. తర్వాత లోపలికెళ్లి గ్లాసుడు మజ్జిగ తెచ్చి పేరయ్య చేతిలో పెట్టింది. తప్పయిపోయిందని అనలేదు గాని, మజ్జిగలో ఉప్పుతోపాటు నిమ్మకాయ కూడా పిండింది. పేరయ్యకు అది చాలు.

ఆ మాట ఊళ్లో ఉండిపోయింది. పేరొకటి, గుణమొకటిగా ఉన్నదాన్నల్లా ఆరోమాటిక్ అనడం మొదలుపెట్టారు. ప్రతి స్టాపులోనూ ఆగే ఎక్స్‌ప్రెస్ బస్సు ఆరోమాటిక్. రోజూ ఎవరితోనో ఒకరితో తగాదా పెట్టుకునే శాంతయ్య ఆరోమాటిక్. యలమందయ్య ఇంకాస్త ముందుకెళ్లి, ఓ సాయంత్రం తూలుకుంటూ ఇంటికొచ్చి, పెళ్లాం నిలదీస్తే, "ఆరోమాటిక్కే," అన్నాడు. ఆమె అతన్ని చెయ్యి పట్టి నేరుగా సుబ్బరావమ్మ దగ్గరికి తీసుకొచ్చింది. సుబ్బరావమ్మ గడపలో నిలబెట్టి వాసన చూసింది.

"రుక్సానమ్మను అడిగి తెలుసుకున్నానయ్యా. సారాలో గుండ్రం లేదు. రెండంటే రెండే కార్బన్లు, కోలాటానికి చాలవు," అని తీర్పు చెప్పింది.

ప్రేమదాసు మాస్టారు కాగితం తిరగరాశాడు. అయితే ఈసారి అచ్చుకు ఇచ్చేముందు హుస్సేన్ సాహెబ్ దాన్ని సుబ్బరావమ్మ దగ్గరికి పంపాడు. ఆమెకు అర్థమైతే జిల్లాలో ఎవరికైనా అర్థమవుతుందని అతని ఉద్దేశం. ఆమె మాస్టారిని ఎదురుగా కూర్చోబెట్టుకుని, అర్థం కాని మాటల కింద పెన్సిల్‌తో గీతలు గీసింది. పదిహేడు తేలాయి. మాస్టారు ఒక్కోదానికీ కాసేపు వాదించి, కాసేపు బాధపడి, చివరికి మార్చాడు. "ఈ మందు కంపు కొడుతుంది. పీల్చకండి," అన్న వాక్యం దగ్గర మాత్రం చాలాసేపు ఆగాడు.

"ఇందులో సమాసమే లేదమ్మా," అన్నాడు దిగులుగా.

"కంపుకు సమాసమెందుకు మాస్టారూ?" అంది సుబ్బరావమ్మ.

ఇందులో పేరయ్యకు ఒక చిక్కొచ్చిపడింది. కాగితం మొత్తం చదివిన సుబ్బరావమ్మ, అందులోని జాగ్రత్తలన్నీ కూడా నమ్మింది. ఒళ్లంతా కప్పుకోవాలని ఉంది, ముక్కుకు గుడ్డ కట్టుకోవాలని ఉంది, గాలికి ఎదురు కొట్టకూడదని ఉంది. తర్వాతి తడవ మందు కొట్టే రోజున అతనికి పొడుగుచేతుల చొక్కా తొడిగి, తన పాత పూల చీర రెండు ముక్కలు చేసి, ఒకటి తలకూ ముఖానికీ చుట్టి, ఇంకొకటి నడుంనుంచి పాదాల దాకా కట్టి పంపింది. కళ్లు తప్ప ఏమీ కనబడడంలేదు.

పేరయ్య పంపు తగిలించుకుని మొదటి సాలు కొట్టేసరికి గట్టు మీదినుంచి యలమందయ్య కేకేశాడు.

"ఏమ్మా, ఎవరు నువ్వు? కూలికొచ్చావా? పేరయ్య లేడా?"

పేరయ్య ఒక్క క్షణం ఆలోచించాడు. వాడికి ఇప్పుడు జవాబు చెబితే సాయంత్రానికి ఊరంతా తెలుస్తుంది. గొంతు కాస్త సన్నం చేసుకుని, "లేడండీ, పేటకెళ్లాడు," అని, వీపు తిప్పి రెండో సాలులోకి నడిచాడు.