చెలమ నీళ్లు

సైకిలు తొక్కడం సుఖమని చెప్పేవాణ్ణి ఒక్క ఎండపొద్దు ఓర్వకల్లు గుట్టల్లోకి పిల్చుకొని రావాలి. అక్కడ దోవంటే దోవ కాదు, ఎడ్లబండ్లు తొక్కిన గాడి. గాడిలోకి దిగితే ఇసుక, గట్టు మీదికెక్కితే గులకరాళ్లు. నా సైకిలు మిషను వాళ్లిచ్చింది. నాకంటే ముందు ఇద్దరు ఉపదేశులు దాన్ని తొక్కి, ఇద్దరూ మోకాళ్లు పోగొట్టుకొని మానుకున్నారు. మూడోవాణ్ణి నేను, ఏసేపును. పల్లెలు తిరిగి వాక్యం చెప్పడం, మా పేటలో పిల్లలకు అక్షరాలు దిద్దించడం నా పని. ఎవరికో పాత గోడలు చూపించడం నా పని కాదు. ఆ రోజు మాత్రం అదీ నెత్తిన పడింది.

బందరు నుంచి దావీదురాజు గారని ఒక పెద్దమనిషి వచ్చాడు. ఆ ఎండాకాలం మిషను మా వైపు ఒక బావి తవ్వించాలనుకుంది. ఒక్కటంటే ఒక్కటే. అడిగిన ఊళ్లు రెండు: మా తెల్లగుట్ట పేట ఒకటి, గుట్టల అవతలి చింతకొట్టాల ఒకటి. రెండూ చూసి, నీళ్లకు ఎక్కువ కటకట ఎక్కడుందో అక్కడ తవ్వించమని చెప్పాల్సింది ఆయన. ఎద్దులబండి వద్దన్నాడు. సైకిలు మీద పోదాం, దారిలో పాత కట్టడాలేమైనా ఉంటే అవీ చూద్దాం అన్నాడు. నన్ను తోడు పంపిస్తూ మా పాస్టరు గారు, "రెండు ఊళ్లోళ్లూ మనోళ్లేరా ఏసేపూ. నీ ఊరి తరపున నువ్వు నోరెత్తగూడదు. ఆయన కండ్లతో ఆయన్నే సూడనీ" అన్నారు. సరేనని తలూపాను. తలూపడం తేలికే.

మా పేటకు బావి లేదు. ఊళ్లో ఉంది గానీ దాంట్లో మేము చేద వేయకూడదు. ఎవరికైనా దయ పుట్టి పోస్తే కడవ నిండుతుంది, పుట్టకపోతే ఎండలో నిలబడి రావడమే. అందుకే మా ఆడవాళ్లు వంకకు పోతారు. పేరుకు వంకే గానీ ఎండాకాలం అంతా ఇసుక. ఆ ఇసుకలో గుంట తవ్వి కూర్చుంటే అడుగున కాసిని నీళ్లు ఊరుతాయి. దాన్నే చెలమ అంటాం. ఊరిన నీళ్లు చిప్పతో తోడి కడవలో పోసుకోవాలి, మళ్లీ ఊరేదాకా కూర్చోవాలి. కడవ నిండేలోపల మనిషి ఓపిక ఖాళీ అవుతుంది. నా భార్య కృపమణి ముందటేడు నిండు కడవతో ఆ గట్టు ఎక్కుతూ జారి పడింది. కడుపులో బిడ్డ దక్కలేదు. ఇప్పుడు మళ్లీ నెలలు నిండుతున్నాయి. ఆ బావి వస్తే నా బిడ్డ బతుకుతుందని నేను నమ్మాను. రోజూ చేసే ప్రార్థనలో వేరే మాటే లేదు.

పొద్దు పొడవకముందే ఓర్వకల్లు బంగళా నుంచి బయలుదేరాం. దావీదురాజు గారి సైకిలు కొత్తది, గంట కూడా మోగుతుంది. తలమీద టోపీ, భుజానికి నీళ్ల సీసా. మనిషి మంచివాడు, అది ముందే చెప్పాలి. కానీ మంచివాళ్లకు అలుపు తెలియదు, అదే వాళ్లతో వచ్చే చిక్కు.

మొదట పాలెగాని బురుజు. సగం కూలిపోయి, మిగతా సగం ఎప్పుడు కూలదామా అని చూస్తోంది. ఆయన పైకెక్కాడు, నన్నూ ఎక్కించాడు. "చూశావా ఏసేపూ, ఈ రాళ్లు ఎలా పేర్చారో! మధ్యన సున్నం కూడా లేదు" అన్నాడు. చూశాను. నాకు రాళ్లు కొత్తా? దిగి పక్క ఊళ్లోకి పోతే పెద్ద ఈరన్న అనే రైతు మమ్మల్ని వేపచెట్టు కింద కూర్చోబెట్టి నీళ్లు తెప్పించాడు. టోపీ ఉన్నాయనకు ఇత్తడి చెంబు చేతికిచ్చారు. తలగుడ్డ ఉన్న నాకు ఎత్తు నుంచి దోసిట్లో పోశారు. ఎట్లా పోసినా నీళ్లు నీళ్లే అని తాగాను. ఆ రోజుకు నా గొంతు తడిసింది అక్కడే.

తర్వాత బాటసారులు దిగే నవాబుల కాలం సరాయి ఒకటి, దాని వెనక మెట్లబావి. లోపలికి వరుసగా మెట్లు, మెట్ల పక్కన చెక్కిన ఏనుగులు, అడుగున ఎండిన జిల్లేడు. దావీదురాజు గారు ఏనుగు ఏనుగునూ తడిమి చూస్తూ అడుగుదాకా దిగాడు. "ఎంత అందమైన బావి!" అని కింద నుంచి కేకేశాడు. నేను పైమెట్టు మీదే కూలబడ్డాను. నీళ్లు లేని బావికి అందమేమిటో నాకు అర్థం కాలేదు. ముఖానికి రంగేసుకున్న ఆకలిలాగా అనిపించింది.

అక్కణ్ణుంచి పైకెక్కే దోవలో నా వెనక చక్రానికి తుమ్మముల్లు దిగింది. ట్యూబు బయటికి లాగి, గాలి కొట్టి, చెంపకు ఆనించుకొని చూస్తున్నాను. గాలి ఎక్కడ తగిలితే అక్కడ కన్నం. మేమంతా అట్లాగే చూసుకుంటాం.

"ఏంటయ్యా ఆ అవస్థ? నీళ్లలో ముంచితే బుడగలొస్తాయి కదా. మా వైపు కాలువలో పెట్టి చూస్తాం" అన్నాడు ఆయన. నేను వద్దనేలోపే సీసా మూత తీసి ట్యూబు పొడుగునా నీళ్లు పోశాడు. బుడగ వచ్చింది, కన్నం దొరికింది. నీళ్లు మట్టిలోకి ఇంకిపోయిన చోటే చూస్తూ ఉండిపోయాను. ఆయన సీసా దులిపి భుజానికి వేసుకున్నాడు. నీళ్లు ఎట్లాగూ ముందు ఊళ్లో దొరుకుతాయనుకునే మనిషి. అట్లాంటి ఊళ్లలో పుట్టినవాడు, ఆయన తప్పేముంది?

చింతకొట్టాల చేరేసరికి ఎండ నడినెత్తిన ఉంది. నీళ్లడగ్గానే గిడ్డమ్మ అనే ముసలామె గుడిసెలో నుంచి రెచ్చిపోయి వచ్చింది.

"నీళ్లా? ఈడ మాకే ల్యావు, మీకు యాడ్నుంచి తెచ్చేదప్పా? సూడు, కండ్లారా సూడు" అని ఇంటి ముందరి కడవలు ఒక్కొక్కటీ తిప్పి బోర్లించింది. ఒక్కదాంట్లో నుంచీ చుక్క రాలలేదు. చివరికి ఎవరో బురద నీళ్లు ఒక ముంతలో తెచ్చారు. దావీదురాజు గారు గుడ్డతో వడగట్టుకొని రెండు గుక్కలు తాగి, మిగిలినవి పక్కనున్న పసిబిడ్డకు పట్టించాడు. ఆయన కండ్లు తడి అయ్యాయి. నాకు గిడ్డమ్మ మీద జాలీ కలిగింది, అసూయా కలిగింది. ఏమీ దాచుకోకుండా ఎట్లా తిట్టింది! మా వాళ్లు కూడా ఇట్లా తిడితే ఎంత బాగుండునని దోవంతా అనుకున్నాను. చింతకొట్టాలకు కనీసం ఊరి పక్క వాగులో పశువుల మడుగైనా ఉంది. మాకు అదీ లేదు. చూస్తే ఆయనకే తెలుస్తుందిలే అని ధైర్యం చెప్పుకున్నాను.

దోవలో ఇంకో కూలిన మంటపం తగిలింది. అక్కడ ఎంతసేపు నిలబడ్డామో నాకు జ్ఞాపకం లేదు, నా నాలుక అంగిటికి అంటుకొని ఉంది.

పొద్దు వాలుతుండగా మా పేటలో దిగాం.

వీధి పొడుగునా కళ్లాపి చల్లి ఉంది. దుమ్ము లేస్తే ఒట్టు. ప్రతి గుమ్మం ముందూ కడవలు, కడవల నిండా నీళ్లు, నీళ్ల మీద వేపాకులు. మా ఇంటి ముందర పొయ్యి మీద గంగాళం కాగుతోంది. పేట పెద్ద లేవి ఎదురొచ్చి చెంబెడు నీళ్లతో ఆయన కాళ్లు కడిగాడు. ఆ తర్వాత, నేను చూస్తుండగానే, ఇంకో కడవ వంచి ఆయన సైకిలు కూడా కడిగాడు.

మా అమ్మ విశ్వాసమ్మ కొత్త కోక కట్టుకొని నిలబడింది. "నీళ్లు కాగినాయి నాయనా, పోసుకో. ఎండన పడి వచ్చినావు" అంది ఆయనతో. ఆయన తడిక చాటున స్నానానికి కూర్చున్నాడు. చెంబు మీద చెంబు కుమ్మరించుకుంటున్న చప్పుడు వింటూ నేను అమ్మను ఇంట్లోకి లాగాను.

"ఏం పని జేసినావమ్మా? ఆయప్ప బావి కోసరం వచ్చినాడు. కడవలు నింపి పెడితే బావి ఎందుకిస్తాడు?"

"ఇచ్చేది దేవుడు. ఇంటికొచ్చిన మనిషి ముందర ఖాళీ కడవలు బోర్లిచ్చాల్నా? అంత సిగ్గుమాలినోళ్లమా?" అంది అమ్మ. "నిన్నటి నుంచి పేటంతా వంకలోనే ఉండాది. ఒక్క ఆడది నడుం వాల్చలేదు."

"కృపమణి యాడ?"

"గంగాళం ఖాళీ అయితాంది గదా. మళ్లా వంకకు పోయింది."

అమ్మ మీద అరవాలనిపించింది. అరవలేకపోయాను. ఆమె చెప్పింది తప్పని ఎట్లా అంటాను? నాకు బుద్ధి తెలిసినప్పటి నుంచి ఆ ఇంట్లో విన్న మాట అదే: తిండికైనా లెక్క ఉండొచ్చు గానీ, వచ్చినవాళ్లకిచ్చే నీళ్లకు లెక్క ఉండకూడదు. గడప పక్కనే నిండు కడవ ఉంది. గొంతు పిడచగట్టుకుపోయి ఉంది. అయినా చెయ్యి పోలేదు. అవి నాకోసం మోసిన నీళ్లు కావు.

స్నానం చేసి, జొన్నరొట్టె తిని, దావీదురాజు గారు తేటపడిన ముఖంతో లేచి నిలబడ్డాడు. పేటంతా చుట్టూ చేరింది. "మీ ఊరు చూస్తే నా ప్రాణం లేచొచ్చిందమ్మా" అన్నాడు. "పొద్దుట్నుంచి ఎన్ని ఊళ్లు తిరిగినా ఇన్ని నీళ్లు చూడలేదు. దేవుడు మీకు కొదవ చేయలేదు. చింతకొట్టాల వాళ్ల కడవలు చూసి నా కడుపు తరుక్కుపోయింది. ఆ బావి వాళ్లకే తవ్వించమని చెబుతాను. మీరూ సంతోషించాలి." తర్వాత కండ్లు మూసుకొని ప్రార్థన చేశాడు. అందరూ ఆమెన్ అన్నారు. లేవి ఆమెన్ అందరికంటే ఆలస్యంగా వచ్చింది. అమ్మ తలొంచుకొని కొంగు కొసను ముడి వేస్తూ, విప్పుతూ ఉంది. పోయేముందు ఆయన సీసా అడిగి తీసుకొని, గడప పక్క కడవలో నుంచి ఆమే నింపింది.

ఆయన్ను మళ్లీ బంగళాకు చేర్చాలి. సైకిళ్లు నడిపించుకుంటూ గట్టెక్కాం, తొక్కే సత్తువ నాకు లేదు. నోరెత్తగూడదన్నారు, ఎత్తలేదు. ఇప్పుడు ఎత్తినా ఏం లాభం? ఇచ్చిన స్నానానికి వెల చెప్పినట్టు ఉంటుంది. ఇంత దిగులు నేను ఎప్పుడూ ఎరగను.

వంక దాటే చోట ఆడవాళ్లు ఎదురయ్యారు. ముందర కృపమణి. ఒక చెయ్యి నెత్తిమీది కడవకు, ఇంకో చెయ్యి కడుపుకు ఆనించి, ఒక్కో అడుగూ తడుముకుంటూ గట్టు ఎక్కుతోంది. నేను సైకిలు పడేసి పోయి కడవ అందుకున్నాను. సగమే నిండి ఉంది.

దావీదురాజు గారు ఆగిపోయాడు. "ఈ వేళప్పుడు నీళ్లకా? ఊళ్లో కడవలన్నీ నిండుగా ఉన్నాయి కదమ్మా?"

కృపమణి ఆయనెవరో గుర్తుపట్టి కొంగు సర్దుకుంది. "ఉన్యాయయ్యా. మీరొస్తారని నింపినాము. ఇంక రేపటికి ల్యావు."

ఆయన వంకలోకి చూశాడు. ఇసుక నిండా గుంటలు. ఒక గుంట పక్కన ఇంకా ఎవరో చిప్ప పట్టుకొని కూర్చొని ఉన్నారు, నీళ్లు ఊరేదాకా. ఆయన అటు చూసి, తన కాళ్లు చూసుకున్నాడు. శుభ్రంగా కడిగిన కాళ్లు. "నేను మాటిచ్చేశాను ఏసేపూ. వాళ్లకు మధ్యాహ్నమే మనసులో ఇచ్చేశాను, ఇప్పుడు దేవుడి ముందర ఇచ్చాను" అన్నాడు.

"వాళ్లకూ ల్యావు గదా అయ్యా" అన్నాను. నాకు కోపం వస్తుందేమోనని చూశాను. రాలేదు, అలుపు మాత్రమే వచ్చింది.

ఆయన భుజాన ఉన్న సీసా తీసి, మూత విప్పి, నా చేతిలోని కడవలోకి వంచబోయాడు. కృపమణి గబుక్కున కడవ మూతికి అరచెయ్యి అడ్డం పెట్టింది.

"ఇచ్చిన నీళ్లు మళ్లా తీసుకుంటామా అయ్యా?" అంది. తర్వాత నా ముఖంలోకి, నా పెదాల వైపు చూసింది. "అంతగా ఇయ్యాలనుకుంటే ఈయనకియ్యండి. పొద్దున్నుంచి నోట్లో చుక్క పోసుకున్నట్టు లేడు."

దావీదురాజు గారు సీసా నాకందించాడు. కడవ ఆయనకిచ్చి, ఆ గట్టు మీదే నిలబడి తాగాను. నా భార్య మోసిన నీళ్లే, నా ఇంటి కడవలోవే, వేపాకు చేదు ఇంకా పోలేదు. నేను తాగినంతసేపూ ఆయన ఆ సగం కడవను రెండు చేతులా పొదువుకొని, ఒక్క చుక్క తొణకకుండా నిలబడ్డాడు.