వినమన్న తీర్పు

బట్టలు ఇస్త్రీ చేసే ఆవిడను వీధంతా ఇస్త్రీ అక్క అనేది. రోడ్డు ఎత్తు పెంచినప్పటి నుంచి వాననీళ్లన్నీ ఆమె ఇంట్లోకే వచ్చేవి. చెప్పులరిగేలా మున్సిపల్ ఆఫీసు చుట్టూ తిరిగినా పట్టించుకున్న నాథుడు లేడు. చివరికి ఆమె కోర్టుకెక్కింది.

"గెలిచామమ్మా!" అన్నాడు లాయరు. "మున్సిపల్ అధికారి మీ మాట స్వయంగా విని, న్యాయంగా ఆలోచించి, కారణాలతో జవాబివ్వాలట."

"వినమన్నారా? అంతేనా?" ఆమె నీరుగారిపోయింది. "కొండను తవ్వి ఎలుకను పట్టినట్టుంది బాబూ."

ఆఫీసుకు పిలిచిన రోజున భర్తను తోడు తీసుకుని వెళ్లింది. ఎప్పుడూ గుమ్మంలోనే ఆపేసే బంట్రోతు తలుపు తీశాడు. లోపల పెద్ద అధికారి లేచి నిలబడ్డాడు.

"కూర్చోండమ్మా. మొదటి నుంచి చెప్పండి."

ఆమె కుర్చీ అంచున కూర్చుని కొంగు ముడి వేస్తూ, విప్పుతూ ఉండిపోయింది.

"ఇంట్లో నా మీద లేస్తుందే ఆ నోరు, ఇప్పుడేమైంది?" అన్నాడు భర్త. అధికారి నవ్వేశాడు. అప్పుడామె అంతా చెప్పింది. ఆయన మధ్యలో ఒక్కసారి కూడా అడ్డు రాలేదు.

ఇంతలో బయట వాన అందుకుంది. "పదండి, చూద్దాం," అన్నాడాయన.

ఆమె ఇంట్లో చీలమండల దాకా నీళ్లు. ఆయన బూట్లు విప్పి చేత్తో పట్టుకుని, ఆ నీళ్లలో చాలాసేపు నిలబడ్డాడు. వీధి వీధంతా గుమ్మాల్లోకొచ్చి నోరెళ్లబెట్టి చూసింది.

వారం తిరక్కుండా జవాబొచ్చింది. భర్త చదివి వినిపించాడు. కింద మంచినీటి గొట్టాలున్నాయి కాబట్టి రోడ్డు ఎత్తు తగ్గించడం కుదరదట, ఇంటి ముందు కాలువ మాత్రం తవ్విస్తారట.

"అడిగింది ఇవ్వలేదుగా," అన్నాడతను.

ఇస్త్రీ పెట్టె పక్కన పెట్టి ఆమె కళ్లింత చేసుకుంది.

"ఎందుకు కుదరదో నాకు చెప్పారయ్యా! నాకు!"