ఇరవయ్యో మనిషి

నేను ఇంతవరకు ఏదీ రాయలేదు. ఐదో తరగతితో నా బడి అయిపోయింది. ఆ తరవాత రాసిందల్లా డబ్బాల మీద అంటించే చీటీలు. కారం, ధనియాలు, మెంతులు. నలుగురిలో నోరు విప్పడానికే సిగ్గుపడే మనిషిని, తప్పులుంటే మన్నించండి. ఇది మాత్రం ఒకచోట రాసి పెట్టి ఉంచాలనిపించింది.

మాది లీసెస్టర్. మా ఆయన చలపతి ఇరవై రెండేళ్ల కిందట ఇక్కడ హోటల్లో వంటకి కుదిరారు. రెండేళ్లకి నేనూ, ఏడేళ్ల మా శ్రీజా వచ్చాం. పొద్దున్నే అయిదున్నర బస్సుకి సమోసాల ఫ్యాక్టరీకి వెళతాను. తలకి వల, చేతులకి గ్లౌజులు, మధ్యాహ్నం రెండు దాకా మడుస్తూనే ఉంటాను. పక్కన గుజరాతీ ఆడవాళ్లు మాట్లాడుతుంటారు, నేను నవ్వుతుంటాను. ఇంటికొచ్చి వంట, బట్టలు, ఆ పైన శ్రీజ ఫోను కోసం చూడటం.

శ్రీజ ఫోను చేస్తుంది. కానీ ఇంగ్లీషులోనే మాట్లాడుతుంది. ముందు అలా ఉండేది కాదు. బయట ఎంత ఇంగ్లీషు మాట్లాడినా ఇంట్లోకి రాగానే, "అమ్మా, ఆకలి" అనేది. కిందటి నవంబరులో, ఏడో నెలలో, కడుపులోనే దాని బిడ్డ పోయింది. ఆడపిల్ల. అప్పట్నుంచీ నాతో తెలుగు మానేసింది. అమ్మా అనడం మానేసి మమ్ అంటోంది. తిట్టినా బాగుండేది. బాగున్నావా మమ్ అని ఇంగ్లీషులో అడిగి పెట్టేస్తుంది.

దాని కోపంలో తప్పు లేదు. మా అమ్మ ఆండాళమ్మ మా ఊళ్లో కాన్పులు చేసేది. బిడ్డ చనిపోయి పుడితే తల్లికి చూపించేది కాదు. చూసిన తల్లి కోలుకోదని ఆవిడ నమ్మకం. నేనూ అదే పట్టుకున్నాను. ఆసుపత్రిలో నర్సు అడిగితే వద్దని చెయ్యి ఊపేశాను. శ్రీజ లేచాక, "చూడకపోవడమే మంచిదమ్మా" అన్నాను. నీరసంలో సరేనంది. బిడ్డని చూస్తానని అడిగే బలం దానికి వచ్చేసరికి అన్నీ అయిపోయాయి. మా అల్లుడు క్రాంతి కూడా పెద్దావిడ చెప్పిందని ఊరుకున్నాడు, చూడలేదు.

దానికి తెలిసింది ఇంతవరకే. తెలియనిది ఇంకోటుంది. ఆ రోజు క్రాంతి కాగితాల పని మీద కిందికి వెళ్లాడు, శ్రీజ మందుల మత్తులో పడుకుని ఉంది. నర్సు తెల్ల దుప్పట్లో బిడ్డని తెచ్చి, మమ్ ఎత్తుకుంటుందా అని అడిగింది. ఇక్కడి ఆసుపత్రుల్లో మమ్ అంటే కన్నతల్లి అని నాకు తెలీదు. నేను శ్రీజ అమ్మనే కదా, నన్నే అడుగుతోంది అనుకున్నాను. రెండు చేతులూ చాపాను. ఎత్తుకున్నాను. చూశాను. తరవాత ఆవిడ శ్రీజ వైపు చూపించి లేపమంటారా అన్నట్టు అడిగినప్పుడు గానీ నాకు అర్థం కాలేదు. అర్థమయ్యాక భయమేసింది. అప్పుడే నేను వద్దని చెయ్యి ఊపాను.

ఇది నేను ఎవరికీ చెప్పలేదు. మా ఆయనకి కూడా.

ఈ ఏప్రిల్లో డాక్టరు ఎక్కడికైనా తీసుకెళ్లమన్నాడని క్రాంతి మెక్సికోకి వారం రోజుల ట్రిప్పు బుక్ చేశాడు. మీరూ రండి అత్తయ్యా, ఒక చోట ఉంటే మీరిద్దరూ ఎప్పుడో ఒకప్పుడు మాట్లాడుకుంటారు అన్నాడు. మా ఆయన, "వెళ్లు, సమోసాలు ఎక్కడికీ పోవులే" అని నవ్వారు. మూడో రోజున మాయా శిథిలాలు చూడటానికి వెళతామని క్రాంతి అంటే నేను తల దించుకున్నాను. మా ఊళ్లో మాయ అంటే బిడ్డ వెనక వచ్చేది. కాన్పింట్లోంచి అమ్మ బయటికి రాగానే అందరూ అడిగేది అదే, మాయ పడిందా అని. అల్లుడి నోట ఆ మాట విని నాకు ఎటు చూడాలో తెలియలేదు. తీరా అది ఆ దేశంలో పూర్వం నుంచి ఉన్న మనుషుల పేరట.

పొద్దున ఏడింటికి హోటల్ ముందుకి చిన్న బస్సొచ్చింది. గైడు యాభై ఏళ్ల మనిషి, పొట్టిగా, తెల్ల చొక్కా. ఒక్కొక్క సీటు మీద వేలు ఆనిస్తూ లెక్కపెట్టి, పంతొమ్మిది అని అట్ట మీద రాసుకున్నాడు. క్రాంతికి బస్సు పడదు, కడుపులో తిప్పుతుంది, అందుకని ముందు డ్రైవరు దగ్గర కూర్చున్నాడు. శ్రీజ కిటికీ పక్కన, నేను దాని పక్కన. మా వెనక సీట్లో నాటింగ్‌హామ్ నుంచి వచ్చిన తెల్లావిడ, ఆవిడ భర్త. గైడు ఇంగ్లీషు నాలాగే ఆగి ఆగి మాట్లాడతాడు. అందుకే అన్నీ అర్థమయ్యాయి.

మాయా వాళ్లు అంతరించిపోయారని పుస్తకాల్లో రాస్తారు, నేనెక్కడికి పోయానండీ అన్నాడు. పొద్దున కూడా వాళ్ల అమ్మతో ఆ భాషలోనే మాట్లాడి వచ్చాడట. వాళ్ల పిల్లలు మాత్రం స్పానిష్‌లో జవాబిస్తారట. బస్సులో అందరూ నవ్వారు, నేను నవ్వలేదు.

పెద్ద మెట్ల గుడి ముందు నిలబెట్టి చప్పట్లు కొట్టమన్నాడు. కొడితే పైనుంచి పిట్ట కూసినట్టు తిరిగి వస్తుంది. అందరూ కొట్టారు, పిట్ట అందరికీ పలికింది. నాకు సిగ్గేసి కొట్టలేదు. శ్రీజ చేతులు జేబుల్లో పెట్టుకుని ఉంది. చెట్ల మధ్య నుంచి దారిలో నడిపించి ఒక పెద్ద నీటి గుంట దగ్గరికి తీసుకెళ్లాడు. లోతుగా, నాచు రంగులో ఉన్నాయి నీళ్లు. వానల కోసం పూర్వం మనుషుల్ని ఇందులో వేసేవారనీ, పిల్లల ఎముకలు కూడా దొరికాయనీ చెప్పాడు. పొద్దున్నుంచీ నోరు మెదపని శ్రీజ అడిగింది, ఆ పిల్లల అమ్మలు చూసేవారా అని. గైడు టోపీ తీసి, తెలీదమ్మా అన్నాడు.

ఈత కొట్టే గుంట వేరే చోట ఉంది. నేల కింద గుహలాగా ఉంటుంది. నున్నటి రాతిమెట్లు దిగాలి. పైకప్పులో పెద్ద కన్నం, అందులోంచి ఎండ, చెట్ల వేళ్లు తాళ్లలాగా నీళ్ల దాకా వేలాడుతుంటాయి. ముందు స్నానం చేసి, నీళ్లలో తేలడానికిచ్చే నారింజ రంగు జాకెట్ వేసుకునే దిగాలి. క్రాంతి పైనే నీడలో కూర్చున్నాడు. నేను చివరి మెట్టు మీద తువ్వాళ్లు పట్టుకుని కూర్చున్నాను.

శ్రీజ మధ్యకి వెళ్లి, ఎండ పడే చోట వెల్లకిలా తేలింది. చాలాసేపు అలాగే ఉంది. తరవాత బోర్లా తిరిగి, బకెట్లో నానబెట్టిన బట్టలు తీసినట్టు రెండు చేతులూ నీళ్లలోకి పెట్టి, బిడ్డని పైకి తీసింది. గుండెలకి ఆనించుకుని, ఒక్క చేత్తో ఈదుకుంటూ వచ్చింది.

టవల్, మమ్, అంది.

ఇచ్చాను. జాకెట్లు సర్దే ఆవిడ ఇంకో పొడి తువ్వాలు తెచ్చింది. నాటింగ్‌హామ్ పెద్దావిడ, చలిగా ఉంటుంది పాపం అని బస్సు ఏసీకని తెచ్చుకున్న తన ఊలు కోటు తీసి చుట్టింది. పైకొచ్చాక క్రాంతి బిడ్డని తీసుకుని ముఖంలోకి చూశాడు. చాలాసేపు చూశాడు. శ్రీజకిచ్చి వెళ్లి ముందు సీట్లో కూర్చున్నాడు. గైడు సీట్ల మీద వేలు ఆనిస్తూ వచ్చి, మా దగ్గర ఆగి, ఇరవై అన్నాడు. అట్ట మీద పంతొమ్మిది కొట్టేశాడు. చంటిపిల్లకి టిక్కెట్టు అక్కర్లేదు గానీ ఒళ్లోనే పెట్టుకోవాలన్నాడు. డ్రైవరు ఏసీ తగ్గించాడు.

శ్రీజ కాసేపు బిడ్డని నా ఒళ్లో పడుకోబెట్టింది. ఆ బరువు నాకు తెలుసు. జుట్టులోంచి నీళ్లు కారుతూనే ఉన్నాయి, నా చీర తడిసిపోయింది. కళ్లు మూసుకునే ఉంది. ఏడవదు, కదలదు, చల్లగా ఉంది.

రంగురంగుల ఇళ్లున్న పాత ఊళ్లో దింపారు. స్పెయిన్ వాళ్లు కట్టిన ఊరట. గోడలు పసుపు, గులాబీ, నీలం. చర్చి గంట కొట్టింది. నలభై నిమిషాలు టైమిస్తున్నాను, పార్కు దగ్గరికే రండి అన్నాడు గైడు. ఎండ మాడుతోంది. క్రాంతి కొబ్బరినీళ్లకని వెళ్లాడు. శ్రీజ బిడ్డని అటు భుజం మీంచి ఇటు భుజం మీదికి మార్చుకుంటుంటే చూశాను, ముందు మార్చినట్టు కష్టపడి మార్చడం లేదు. జుట్టు కొసలు ఆరుతున్నాయి. ఆరుతున్న కొద్దీ బరువు తగ్గుతోంది. శ్రీజకీ తెలిసింది. సీసాలో నీళ్లు బిడ్డ తల మీద పోసింది. నీళ్లు జారి రాళ్ల మీద పడ్డాయి గానీ జుట్టు తడవలేదు.

ఆ పార్కులో వింత కుర్చీలున్నాయి. తెల్లగా, సిమెంటువి. ఇద్దరు పక్కపక్కనే కూర్చుంటారు కానీ ఒకరు అటు, ఒకరు ఇటు చూస్తూ ఉంటారు. చేతులు మాత్రం ఒకే చోట ఆనతాయి. శ్రీజ ఒక వైపు కూర్చుంది, నేను రెండో వైపు. మధ్యలో చెయ్యి ఆనించే చోట బిడ్డ తల.

నాకు దీని ముఖం కనపడటం లేదు మమ్ అంది ఇంగ్లీషులో. నీళ్లలో రాయిలాగా నున్నగా ఉందట, కళ్లూ ముక్కూ ఏమీ లేవట. క్రాంతికీ అంతేనట, అతను చెప్పకపోయినా తెలిసిందట. నీకు కనపడుతోందా అని అడిగింది.

లేదని అనొచ్చు. అంటే ఆ మాట అక్కడితో ఆగిపోయేది. బిడ్డ ఆరిపోయేది. కనపడుతోందంటే ఎలా అని అడుగుతుంది. నేను చూస్తున్న వైపు పావురాలు, ఒక చెప్పుల కొట్టు. దాని ముఖం నా వైపు లేదు కాబట్టి చెప్పగలిగాను.

"కనపడుతోంది. ఆ రోజు నేను ఎత్తుకున్నానమ్మా. మమ్ అంటే నన్నే అనుకున్నాను."

చర్చి లోపలి నుంచి ఎవరో పాడటం వినపడింది. శ్రీజ లేచి వెళ్లిపోతుందనుకున్నాను. వెళ్లలేదు.

"ఎంతసేపు?" అంది. తెలుగులో అంది.

"పాలు పొంగేంతసేపు."

"నా వంతు నువ్వు తీసుకున్నావు."

"తీసుకున్నాను."

"ఏడ్చావా?"

"లేదు. ఏడిస్తే నువ్వు లేస్తావని."

దాని చెయ్యి నా చేతి పక్కనే ఉంది, తగిలించలేదు. "చెప్పు అయితే," అంది. "తొందరగా చెప్పు."

నేను ఎప్పుడూ అంతగా మాట్లాడలేదు. నుదురు మీ నాన్నది, వెడల్పుగా ఉంది అన్నాను. ఎడమ కనుబొమ్మ ఇంకా రాలేదు, పెన్సిలు గీత చెరిపితే మిగిలినట్టుంది. ముక్కు నాది పాపం, చప్పిడిది. పై పెదవి మధ్యలో బియ్యపు గింజ పెట్టినట్టు చిన్న ఎత్తు. కుడి చెవి అంచు చూడు, కజ్జికాయ మడిచినట్టు మడతలు మడతలుగా ఉంది, ఎడమది మామూలుగానే ఉంది. గడ్డం కింద చిన్న సొట్ట. ఒక్కొక్కటి చెబుతుంటే శ్రీజ "ఆఁ" అంటోంది. ముందు వినడానికి అంటోందనుకున్నాను. చెవి దగ్గరికొచ్చేసరికి, "ఆఁ, ఉంది, ఉంది" అని నవ్వింది. అప్పుడు తెలిసింది, నేను చెబుతున్నది చెబుతున్నట్టే దానికి కనపడుతోందని.

"ఇంకా?"

"బుగ్గ మీద దుప్పటి మడత గుర్తు పడింది. పడుకుని లేచినట్టు."

"ఇంకా?"

"అంతే తల్లీ. అంతే చూశాను."

గైడు దూరం నుంచి చెయ్యెత్తి పిలిచాడు. శ్రీజ బిడ్డ చెవి మీద పెదవులు ఆనించి, అలాగే నడిచి బస్సెక్కింది. కిటికీలోంచి ఎండ నేరుగా ఒళ్లో పడుతోంది. అది కర్టెన్ వేయలేదు. ఊరు దాటి పెద్ద రోడ్డెక్కేసరికి దాని ఒళ్లో ఊలు కోటు ఒక్కటే ఉంది. వెనక పెద్దావిడ చెయ్యి చాపింది, శ్రీజ ఇచ్చింది. ఆవిడ మడిచి, ఆరిపోయిందిలే అని పక్కన పెట్టుకుంది. హోటల్ దగ్గర గైడు లెక్కపెట్టుకుని పంతొమ్మిది అని రాసి, అందరికీ చెయ్యి కలిపి దిగిపోయాడు.

గది తలుపు దగ్గర శ్రీజ ఆగింది.

"క్రాంతి అడగడమ్మా. ఆ రోజు తను పక్కన లేడని అడగడానికి మొహం లేదు. నేను చెబుదామంటే ఏడుపొచ్చి చెప్పలేను. నువ్వే చెప్పాలి."

వాళ్ల పెళ్లయిన ఈ మూడేళ్లలో నేను అల్లుడి ఎదురుగా కూర్చోలేదు. మా ఇళ్లల్లో అత్తలు అలా కూర్చోరు. అన్నం పెట్టి వంటింట్లోకి వెళ్లిపోతాను, మాట చెప్పాలంటే శ్రీజ చేత చెప్పిస్తాను.

మర్నాడు పొద్దున టిఫిను హాల్లో క్రాంతి ఒక్కడే ఒక టేబుల్ దగ్గర ఉన్నాడు, ముందు కాఫీ చల్లారిపోతోంది. నన్ను చూసి లేవబోయాడు. కూర్చో బాబూ అన్నాను. ఎదురు కుర్చీ లాక్కుని కూర్చున్నాను. అతని ముఖంలోకి చూసి, గడ్డం దగ్గర మొదలుపెట్టాను, అది అతనిదే కాబట్టి.