మైకులో చెప్పిన పేరు

కచేరీకి ముందు బృందం చరిత్ర చెప్పడం సుందరమ్మ పని. నరసరావుపేటలో నాటకాలు తగ్గిపోయి హార్మోనిస్టులు గోళ్ళు గిల్లుకుంటున్న రోజుల్లో, ఆమె భర్త వెంకటకృష్ణయ్య ముగ్గుర్ని పోగేశాడు. పాడేవాళ్ళెవరూ లేకుండా నాలుగు హార్మోనియాల మీదే కీర్తనలు వాయిస్తూ ఊరూరా తిరిగారు. ఆ సంగతంతా చెప్పి, ఆమె ఒక్కొక్కరి పేరూ పలికేది. పేరు వినగానే ఆ మనిషి తన పెట్టె మీద ఒక స్వరం పలికించేవాడు. నాలుగో స్వరంతో కచేరీ మొదలయ్యేది.

నాలుగో పెట్టె గులాం మొహిద్దీన్‌ది. కొన్నేళ్ళ కిందట వినుకొండలో ఒక షావుకారి ఇంట్లో, ఆకుల ముందు కూర్చున్నాక ఇంటావిడ ఆయన పేరు అడిగింది. సుందరమ్మ గబుక్కున "మోహనరావు గారు" అనేసింది. మొహిద్దీన్ తల వంచుకుని అన్నం కలుపుకున్నాడు. "భలే సర్దావు" అన్నాడు వెంకటకృష్ణయ్య తర్వాత. అప్పట్నుంచీ షావుకార్లు అన్నం పెట్టే ఊళ్ళలో ఆయన మోహనరావే.

ఎనభై నాలుగు దసరాకి మాచర్లలో కచేరీ. భోజనాలు ఏటా లాగే వెంకటాద్రి గారింట్లో. పందిరి వెనక సుందరమ్మ జడ సవరించుకుంటుంటే మొహిద్దీన్ కూతురు షాహిదా పరుగున వచ్చి చెయ్యి పట్టుకుంది. ఆ వేసవిలోనే ఆ ఊరి సైకిల్ షాపు వాళ్ళింటికి కోడలుగా వచ్చింది.

"పెద్దమ్మా! మా అబ్బా పేరు గట్టిగా చెప్పు. మా అత్త నమ్మటల్లా. 'సాయిబు కీర్తనలు వాయించేదేందే, కోతలు కొయ్యబాక' అని ఒకటే ఎగతాళి. ఇయ్యాల పట్టుబట్టి తీసుకొచ్చా."

"అట్నేలేవే" అంది సుందరమ్మ.

మైకు ముందు నిలబడ్డాక చూస్తే వెంకటాద్రి గారి భార్య రాజరత్నం ముందు వరసలోనే ఉంది. ఆ వెనక చాప మీద షాహిదా, పక్కన ఆమె అత్త. చరిత్రంతా ఎప్పటిలాగే సాగింది. వెంకటకృష్ణయ్య స్వరం పలికింది. తర్వాత గోపాలకృష్ణయ్యది, అంకారావుది. షాహిదా అత్తను మోచేత్తో పొడిచి ముందుకు వంగింది. రాజరత్నం సుందరమ్మను చూసి ఆప్యాయంగా నవ్వింది.

"నాలుగో హార్మోనియం, శ్రీ మోహనరావు గారు."

స్వరం రాలేదు. వెంకటకృష్ణయ్య పక్కకి చూశాడు. కాసేపటికి మొహిద్దీన్ వేలు మెట్టు మీద ఆనింది. స్వరం శ్రుతి తప్పకుండానే వచ్చింది. సుందరమ్మ ఇక చాప వైపు చూడలేదు.

కచేరీ అయ్యాక షాహిదా ఒక్కతే వేదిక దగ్గరికొచ్చింది. అత్త సగంలోనే లేచి వెళ్ళిపోయింది.

"ఎవరమ్మా ఈ పిల్ల? మోహనరావు గారి కోసమా?" అంది రాజరత్నం.

మొహిద్దీన్ సుందరమ్మ వంక ఒకసారి చూశాడు. "మా పేటలో తెలిసినోళ్ళ పిల్లమ్మా" అన్నాడు.

షాహిదా తండ్రినీ, సుందరమ్మనీ మార్చి మార్చి చూసింది. "అవునండీ, తెలిసినోళ్ళమే" అని గిర్రున తిరిగి వెళ్ళిపోయింది.

సుందరమ్మ ఉండబట్టలేకపోయింది. "ఆ పిల్ల ఆయన కూతురే, రాజరత్నం గారూ. ఆయన పేరు గులాం మొహిద్దీన్. మోహనరావు అని పెట్టింది నేనే."

రాజరత్నం బుగ్గలు నొక్కుకుంది. "ఇన్నేళ్ళూ మా పంక్తిలోనే తిన్నాడే! ముందే చెబితే వసారాలో ఆకెయ్యించేదాన్ని గదా అక్కయ్యా. సాయిబులైతే మాత్రం అన్నం పెట్టనంటానా?"

వెంకటకృష్ణయ్య పెట్టె మూత బిగిస్తూ తల ఎత్తలేదు.

"ఇప్పుడెవరికి చెప్తన్నావ్ వదినా?" అన్నాడు మొహిద్దీన్. "వినాల్సినోళ్ళు లేచి ఎళ్ళిపోయారు."

పెట్టె భుజానికెత్తుకుని షాహిదా వెళ్ళిన దోవ పట్టాడు. సుందరమ్మ నాలుగడుగులు వెంట నడిచింది. "నేనొచ్చి మీ వియ్యపురాలికి చెప్తాను."

"నువ్వు రాబాక వదినా. ఉన్న నవ్వులాట చాలు."

"పదవే, భోజనాలకి వాళ్ళు ఎదురుచూస్తన్నారు" అన్నాడు వెంకటకృష్ణయ్య వెనకనుంచి.

సుందరమ్మ వెళ్ళింది. మగవాళ్ళ ఎదురు వరసలో ఆకు ముందు కూర్చుంది. రాజరత్నం ఎప్పటిలాగే కొసరి కొసరి వడ్డించింది. ఇంకొక్క బూరె అంటూ వంగితే, చాలని చెయ్యి అడ్డం పెట్టడానికి కూడా సుందరమ్మకు మొహం చెల్లలేదు. వేసిందల్లా తిన్నది.