ఊ కొట్టే జాగా

మే నెల ఎండలో మనవరాలు హర్షిణి వచ్చి బొంతలు అడిగేసరికి రుక్కమ్మ ఆశ్చర్యపోయింది.

"ఎండలకు బొంతలేంది బిడ్డా? జరమొచ్చిందా?"

"కప్పుకోనీకి కాదవ్వా. గోడలకు కడ్తం. పాట రికార్డు చెయ్యాలె."

పాత చీరలు పొరలుగా పేర్చి తాను కుట్టిన బొంతలు. పాటకు వాటితో ఏం పనో చూడాల్సిందేనని, పొయ్యి మీది పప్పు దించేసి రుక్కమ్మ మనవరాలి గదిలో ఓ మూల పీట వేసుకుంది. నిజాంపేటలో వాళ్లది చిన్న ఫ్లాటు. నాలుగు బొంతలు కట్టగానే ఆ గది గుడారంలా అయిపోయింది.

హర్షిణితో పాటు హైటెక్ సిటీలో పనిచేసే తేజ ల్యాప్‌టాప్, మైకు తెచ్చాడు. కాకినాడ పిల్లవాడు. పాట సగం అతనిది, సగం హర్షిణిది. సోమవారం ఆఫీసు వేడుకలో వినిపించాలి.

"గోడలు గొంతును తిప్పి కొడతాయి మామ్మగారూ. బొంతలైతే మింగేస్తాయి," అంటూ అతను ఆమె చెవులకు హెడ్‌ఫోన్ తగిలించాడు.

దిమ్మని ఒక దెబ్బ. చెవిలో కాదు, గుండెలో పడింది. పడి, సాగుతూ సాగుతూ పోయింది. దానిపైన కాగిన నూనెలో ఆవాలు చిట్లినట్టు సన్నటి చప్పుళ్లు. మధ్యలో ఏమీ లేదు.

"నడుమ గింత జాగ ఎవలకిడిసిపెట్టిండ్రు?"

తేజ నవ్వాడు. "మాకేనండి. ట్రాప్ అని, ర్యాప్ పాటల్లో ఒక రకం, అంతే. కింద బరువు, పైన గబగబ. మధ్యలో మేం మాట్లాడతాం."

అతను హాస్టల్ సాంబారు మీద తన భాగం అందుకున్నాడు. మాటలు దెబ్బల మధ్య చక్కగా సర్దుకున్నాయి. తర్వాత హర్షిణి మొదలుపెట్టింది. "సిటీ నాదే, సీటు నాదే, ఎవడాపుతాడో చూస్తా!" బడిలో పాఠం అప్పజెప్పినట్టుంది. మళ్లీ చేసింది. మళ్లీ అంతే.

"ఏమనుకోకు హర్షిణీ, ఎవరినో చూసి అంటున్నట్టుంది," అన్నాడు తేజ. "సాయంత్రానికి కుదరకపోతే మొత్తం నేనే పాడేస్తా."

"నేను మొదలువెట్టిన పాటల నన్నే తీసేస్తవా?" హర్షిణి మైకు ముందు నుంచి పక్కకు జరిగింది.

రుక్కమ్మకు మాత్రం ఇందాకటి నుంచి ఒక సంగతి తేలడం లేదు.

"ఇంతకు నిన్ను ఎవడాపిండు బిడ్డా?"

"ఆఁ?"

"ఎవడాపుతడో సూస్తనంటివి గద. ఎవడన్న ఆపితేనే గద ఆ మాటొచ్చేది. ఎవడు వాడు?"

హర్షిణి తలదించుకుంది. "ఎవడు గాదవ్వా. తలుపు. ఆఫీసుల మొదటి దినం."

"నాకు జెప్పనే లేదు! ఏమైంది?"

తేజ చప్పుడు చేయకుండా రికార్డు మీట నొక్కాడు. దిమ్మని దెబ్బ పడింది. హర్షిణి అవ్వ వైపు తిరిగింది.

"అద్దాల తలుపు, అవతల ఆఫీసు..."

"ఊఁ," అంది రుక్కమ్మ.

"మెడల కార్డుంది, మొకమంత చెమట..."

"ఊఁ."

"బీప్ అనమంటె అనదాయె దొంగది..."

"ఊఁ!"

"మామ్మగారూ!" తేజ ఆపేశాడు. "రికార్డింగులో మాట్లాడకూడదండి."

రుక్కమ్మ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. "కథ జెప్తుంటె ఊ కొట్టకపోతె ఎట్ల బాబూ? ఇంటున్నమని జెప్పేటోళ్లకెట్ల తెలుస్తది? చిన్నప్పుడు గీ పిల్ల నేను ఊ అనకపోతె ఆడికే కథ బంద్ వెట్టేది."

ఈసారి ఆమె పెదవులు బిగించి కూర్చుంది. హర్షిణి రెండు మాటలు అని, మూల వైపు చూసి తడబడింది.

తేజ పాడైందనుకున్న రికార్డింగును మళ్లీ పెట్టాడు. ఇంకోసారి విన్నాడు. దెబ్బ సాగిపోయి ఖాళీ మొదలయ్యే చోట, సరిగ్గా అక్కడ ఆ ఊఁ కూర్చుంది. దాన్ని పట్టుకునే హర్షిణి తర్వాతి మాటకు ఎక్కుతోంది.

"మేం ఈ ఖాళీల్లో యే, యే అని అరుస్తుంటాం," అన్నాడు మెల్లగా. "ఇదే బాగుంది." మైకు తీసుకెళ్లి ఇద్దరి మధ్యా నిలబెట్టాడు. "నీ భాగం ఇలాగే చెప్పు హర్షిణీ. మామ్మగారూ, ఒకసారి ఊ అనండి."

"ఊ," అంది రుక్కమ్మ. చప్పగా వచ్చింది.

"ఇందాకట్లా అండీ."

"ఉత్తగనే ఎట్లొస్తది బాబూ? కథ నడవాలె." ఆమె పీట ముందుకు జరుపుకుని మనవరాలి మోకాలు తట్టింది. "ఇగ చెప్పు. ఆ తలుపు తెరుసుకున్నదా, లేదా?"

హర్షిణి నవ్వాపుకుంటూ ఊపిరి పీల్చింది. దెబ్బ పడింది.