బీరువా మీది మేనేజరు

మా ఇంట్లో నాకంటే ముందు నుంచీ ఉన్న ఆడమనిషి ఒకరున్నారు. పేరు మేనేజరు. బూడిదరంగు ఒళ్ళు, తెల్ల మేజోళ్ళు తొడుక్కున్నట్టుండే పాదాలు, వయసు మళ్ళిన పిల్లి. మా ఆయన చదువుకునే రోజుల్లో హాస్టలు సైకిల్ షెడ్డులో దొరికిందట. పడగ్గదిలో బీరువా, బీరువా మీద నీలం సూట్‌కేసు, సూట్‌కేసు మీద మేనేజరు. అక్కణ్ణించి ఇల్లంతా అజమాయిషీ చేస్తుంది కాబట్టే ఆ పేరు.

పెళ్ళయ్యాక మొదటిసారి నేను ఆ గదిలో అడుగుపెడితే, అది ఒక కన్ను తెరిచి నన్ను ఎగాదిగా చూసి మళ్ళీ మూసేసుకుంది. ఉద్యోగం ఇంటర్వ్యూలో కూడా నాకంత దడ పుట్టలేదు.

"ఆశలు పెట్టుకోకమ్మా," అంది వదిన. వదినంటే మా ఆయన అక్క, పై వాటాలో ఉంటుంది. "అది ఎవరి ఒళ్ళోకీ రాదు. మావాడు దూదితో పాలు పట్టి పెంచాడు. వాడి ఒళ్ళో కూడా నిలవదు. ఇంక నువ్వెంత?"

ఆ రోజుల్లో నాకు అన్నీ సంబరమే. ఒకే గ్లాసులో రెండు బ్రష్షులు ఒకదాని మీద ఒకటి వాలి ఉంటే సంబరం. ఒకే తాళానికి రెండు చెవులుంటే సంబరం. మా ఆయన కళ్ళజోళ్ళ షాపులో అద్దాలు అరగదీసి ఫ్రేములకి బిగిస్తారు. ఆ అలవాటు కొద్దీ ఇంట్లో కూడా దేన్నైనా ఒక కన్ను మూసి చూస్తారు. టమాటాని అలాగే చూస్తారు, నన్నూ అలాగే చూస్తారు.

"ఏవండీ, వంకరేమైనా ఉందా?" అంటాను.

"లేదు, సెంటరు సరిగ్గా కుదిరింది," అంటారు.

ఆ మాట తల్చుకుని ఆఫీసులో ముసిముసిగా నవ్వుకునేదాన్ని. నాది కరెంటు ఆఫీసులో ఫిర్యాదుల ఫోనెత్తే ఉద్యోగం. ఎక్కడ తీగ తెగిందో, ఎప్పుడు బాగవుతుందో తెలిస్తే చెబుతాను. తెలియకపోతే "కాస్త లైన్లో ఉండండి" అంటాను. రోజుకి ఎన్నిసార్లు అంటానో లెక్కలేదు. ఇంట్లో కూర ఏమిటని అడిగినా నోట్లోంచి అదే వస్తోందని మా ఆయన పగలబడి నవ్వేవారు.

ఒక సాయంత్రం ముందుగదిలో నేల మీద కూర్చుని బట్టలు మడతపెడుతున్నాను. మేనేజరు పడగ్గదిలో మంచం కిందనుంచి వచ్చింది. ఆయన చొక్కా వాసన చూసింది, నా మోకాలు వాసన చూసింది. తర్వాత మెల్లగా ఒక్కో కాలూ వేసి నా ఒళ్ళోకి ఎక్కి, ముడుచుకుని పడుకుంది.

నేను ఊపిరి బిగబట్టాను. ఆయన గుమ్మంలో బూట్లు విప్పుతూ అలాగే ఉండిపోయారు.

"ఇదేంటిది!" అన్నారు.

"ష్!" అన్నాను.

"నేను పెంచిన పిల్లేనా?"

"ఇప్పుడు నాది. గొడవ చెయ్యకండి."

ఆ మర్నాడూ వచ్చింది, ఆ తర్వాత రోజూ వచ్చింది. అమ్మకి ఫోన్ చేసి చెప్పాను, ఆఫీసులో పక్క సీటు ఆవిడకి చెప్పాను. "నన్ను ఒప్పుకుంది" అని అందరికీ చాటింపు వేశాను. సాయంత్రమైతే మడతపెట్టాల్సిన బట్టలు లేకపోయినా, ఉన్నవే విప్పి మళ్ళీ మడతపెడుతూ నేల మీద కూర్చునేదాన్ని.

తేడా మొదట కనిపెట్టింది వదినే. పంచదార కోసం వచ్చి నా ఒళ్ళో ఉన్నదాన్ని వంగి చూసింది. "ఒరేయ్ తమ్ముడూ, దీని వీపు మీద బొచ్చు ఇలా అట్టలు కట్టిందేంట్రా? నాక్కోవడం మానేసిందా?"

"నేను దువ్వుతాను వదినా," అన్నాను గర్వంగా. దువ్వెన నడుము దాటి తుంటి దగ్గరికి వచ్చేసరికి మేనేజరు బుస్సుమని నా వేలు కొరికింది. కొరికి, తనే భయపడినట్టు నా మొహంలోకి చూసింది.

పశువుల డాక్టరమ్మ పొట్టి మనిషి. స్టూలు మీద నిలబడి పరీక్ష చేస్తుంది. మేనేజరు కాళ్ళు ఒక్కొక్కటే మెల్లగా చాపుతూ మాతో కబుర్లు చెబుతున్నట్టే అడిగింది.

"ఎక్కడ పడుకుంటుంది?"

"నా ఒళ్ళో," అన్నాను, పతకం చూపించినట్టు.

"అంతకుముందు?"

"బీరువా మీద. కుర్చీ ఎక్కి, టేబులెక్కి, అక్కణ్ణించి ఒక్క దూకు."

"బీరువా ఎక్కడం ఎప్పుడు మానేసింది?"

నేను ఆయన వైపు చూశాను. ఆయన నా వైపు చూశారు. రోజంతా వెంట్రుకంత గీతని పట్టుకునే కళ్ళు ఆయనవి. రోజూ ఆ బీరువా తెరిచి చీరలు తీసుకునే చేతులు నావి. ఇద్దరిలో ఒక్కరం కూడా పైకి చూడలేదు.

ఎక్స్‌రేలో తుంటి ఎముకల అంచులు కొరికిన రొట్టెలా ఉన్నాయి. మోచేతులూ అంతే. ఆయన అలవాటుగా ఒక కన్ను మూసి చూశారు. తర్వాత రెండు కళ్ళతోనూ చూశారు.

"కీళ్ళు అరిగిపోయాయి," అంది డాక్టరమ్మ. "పిల్లులు కుంటవు, ఏడవవు. నొప్పి కలిగించే పనులు ఒక్కొక్కటే మానేస్తాయి. మనం ముసలితనమో, పెద్దరికమో అనుకుంటాం."

లేదా ప్రేమ అనుకుంటాం. ఆ మాట ఆవిడ అనలేదు. నేనే అనుకున్నాను. నేల మీద అందుబాటులో ఉన్న ఒకే ఒక వెచ్చటి చోటు నా ఒడి.

రక్తపరీక్షలో కిడ్నీలు కూడా బలహీనంగా ఉన్నాయని తేలింది. అందుకని మామూలు నొప్పి మాత్రలు వాడకూడదట. "ఇంకోటుంది," అంది డాక్టరమ్మ. "యాంటీబాడీ ఇంజెక్షను. అరిగిన కీలు దగ్గర ఒక ప్రోటీను పుట్టి నరాలని రెచ్చగొడుతుంది, నొప్పి కబురు మెదడుకి చేరేలా చేస్తుంది. ఈ యాంటీబాడీ ఆ ప్రోటీనుని దారిలోనే పట్టేసుకుంటుంది. పిల్లుల ఒంటికి సరిపడేలా చేసినదే. నెలకొకసారి చర్మం కింద ఇస్తే చాలు."

"అంటే ఫిర్యాదు ఆఫీసుకి చేరకుండా మధ్యలోనే ఫోను పట్టేసుకోవడం," అన్నాను.

"అచ్చం అంతే," అని నవ్విందావిడ.

"మరి తెగిన తీగ?"

నవ్వు ఆపేసింది. "తీగ తెగే ఉంటుందమ్మా. దాన్నెవరూ అతకలేరు."

ఇంజెక్షను ఇచ్చిన రోజు మేనేజరు మామీద కోపంతో మంచం కింద దూరింది. తర్వాత కొన్నాళ్ళకి నేను వంటింట్లో ఉంటే పడగ్గదిలో ధబ్బుమని చప్పుడైంది. పరిగెత్తాను. టేబులు మీద అద్దం ఒరిగిపోయి ఉంది. నీలం సూట్‌కేసు మీద మేనేజరు కూర్చుని, ఏం జరగనట్టు తెల్ల మేజోడు నాక్కుంటోంది. నన్ను ఒక కన్ను తెరిచి చూసింది. అదే చూపు!

గరిటె చేత్తో పట్టుకునే షాపుకి ఫోన్ చేశాను. "ఏవండీ! ఎక్కింది!"

"ఎవరు? ఎక్కడికి?"

"మేనేజరు! ఆఫీసుకి!"

ఫోన్‌లోనే ఆయన గట్టిగా కేక వేశారు. కళ్ళజోడు తీసుకుందామని వచ్చిన పెద్దాయన ఎవరో హడలిపోయాడట. ఆ సాయంత్రం మేమిద్దరం బీరువా ముందు నిలబడి చప్పట్లు కొట్టాం. మేనేజరు విసుగ్గా తోక తిప్పుకుంది.

ఒళ్ళోకి మాత్రం మళ్ళీ రాలేదు.

"నీ ఉద్యోగం ఊడిందమ్మా," అని వదిన ఏడిపించింది.

"ఊడితే ఊడనీ వదినా," అన్నాను. నిజంగానే అన్నాను. బట్టలు మడతపెడుతున్నప్పుడు మోకాళ్ళ మీద కాస్త చల్లగా అనిపించేది. తలెత్తి చూస్తే పడగ్గదిలో బీరువా పైనుంచి తోక వేలాడుతూ ఉండేది. ఆ తోక చాలనిపించేది.

రెండో ఇంజెక్షను తర్వాత మెడ గోక్కోవడం మొదలుపెట్టింది. ఈగ వాలిందేమో అనుకున్నాం. మూడో దాని తర్వాత చెవి కింద బొచ్చు ఊడి, చర్మం ఎర్రగా చెమర్చింది. గోకి గోకి రక్తం కారింది. సూట్‌కేసు నీలం మీద గోధుమరంగు చుక్కలు పడ్డాయి. మెడకి గరాటాలాంటి ప్లాస్టిక్ పట్టీ వేస్తే, దాన్ని బీరువా అంచుకి తగిలించుకుంటూ, పైనే పడుకుని, అందని చోటు గోకుతూ గాలిలో కాలు ఆడించేది.

డాక్టరమ్మ స్టూలెక్కి పుండు చూసింది, చాలాసేపు చూసింది. పురుగులు లేవంది, తిండి పడకపోవడం కాదంది. "కొన్ని పిల్లులకి ఈ మందుతో ఇలా అవుతుంది. ఆపేయాలి."

"మోతాదు తగ్గిస్తే?" అన్నారు ఆయన.

"తగ్గించినా అదే మందు కదా."

"పుండుకి పూత మందు రాస్తూ, ఇది కూడా ఇస్తూ..."

"ఈసారి ఇంకా పెద్దదవుతుంది. మొహం దాకా పాకితే కళ్ళకి ప్రమాదం. నేనివ్వలేను."

"మరి ఇంకేం ఉందండీ?" అన్నాను.

ఆవిడ మేనేజరు తలమీద చెయ్యి వేసింది. "మత్తు కలిగించే మాత్ర ఒకటి రాస్తాను. నొప్పి కొంత తగ్గుతుంది, కానీ తూలుతుంది. వెచ్చటి పరుపు వెయ్యండి. ఎత్తులు తగ్గించండి. చూద్దాం."

ఆ 'చూద్దాం' నాకు బాగా తెలుసు. నేను రోజూ ఫోన్‌లో చెప్పే 'కాస్త లైన్లో ఉండండి' లాంటిదే అది.

ఇంటికొచ్చే దారిలో మేం మొదటిసారి పోట్లాడుకున్నాం.

"పుండైతే ఏం, ఎక్కుతోంది కదా! దానికి కావలసింది అదే!" అన్నారు ఆయన.

"రక్తం కారుతుంటే చూస్తూ ఊరుకుంటారా?"

"కింద నొప్పితో పడుంటే చూస్తూ ఊరుకుంటావా?"

ఆటోలో మా మధ్య పెట్టిన బుట్టలోంచి మేనేజరు ఒకసారి మ్యావ్ అంది. ఇద్దరం బుట్టలోకి వంగి చూశాం. దాన్ని అడగగలిగితే ఎంత బావుండేది! ఏది నయమో చెప్పు తల్లీ, అదే చేస్తాం అని.

పుండు మానింది, బొచ్చు కూడా మొలిచింది. మందు పని అయిపోయే రోజులు దగ్గరపడుతుంటే, నేను ఆఫీసునుంచి రాగానే ముందు బీరువా మీదకి చూసేదాన్ని. తోక ఉంటే ఆ పూటకి గండం గడిచినట్టు. ఈలోగా ఆయన షాపునుంచి చెక్కపెట్టెలు తెచ్చి మేకులు కొట్టి మెట్లు చేశారు. వాటికి పాత తివాచీ ముక్కలు అంటించారు, ఒక కన్ను మూసి వాలు కూడా చూసుకున్నారు. మేనేజరు మొదటి మెట్టు వాసన చూసి, దాని పక్కనుంచే వెళ్ళిపోయింది. మేం మొదటి మెట్టు మీద చేపముక్క పెట్టాం. అది తిని వెళ్ళిపోయింది. మాత్ర వేసిన రోజు తూలి గోడకి గుద్దుకుంది. ఆ మాత్ర వేయడం మానేశాం.

ఒకరోజు వచ్చేసరికి బీరువా మీద తోక లేదు.

మేనేజరు కింద, కుర్చీ పక్కన నిలబడి పైకి చూస్తోంది. కుర్చీ, టేబులు, బీరువా. వరసగా చూసింది. వెనక కాళ్ళు ముడిచి, నడుము అటూ ఇటూ కదిపి, దూకడానికి సిద్ధపడింది. నేను గుమ్మంలోనే నిలబడిపోయాను. దూకలేదు. ఒళ్ళు వదులు చేసి కూర్చుంది. కాసేపటికి మళ్ళీ లేచి, మళ్ళీ నడుము కదిపింది. మళ్ళీ కూర్చుంది.

ఎత్తి పైన పెట్టాను. అక్కణ్ణించి దిగలేకపోయింది. అంచు దగ్గరికి వచ్చి, కిందకి చూసి, ముందరి కాలు గాలిలో పెట్టి వెనక్కి తీసుకుంది. గొంతులో సన్నగా ఏదో అంది. నేనే దింపాను. చంక కింద చెయ్యి వేసినప్పుడు మోచెయ్యి వణికింది.

ఇంక ఏం చెయ్యాలో తోచక ముందుగదిలోకి వచ్చి నేల మీద కూర్చున్నాను, పక్కన ఉతికిన బట్టల గుట్ట పెట్టుకుని. అది వచ్చింది. మోకాలు వాసన చూసింది. ఒక్కో కాలూ వేసి ఒళ్ళోకి ఎక్కి, ముడుచుకుంది.

ఇదే కదా నేను ఊరంతా చాటింపు వేసుకున్న సంబరం! ఇప్పుడు దాని బరువు తొడల మీద వెచ్చగా ఆనుతుంటే, ఎక్కడ చెయ్యి వేస్తే నొప్పి పుట్టదో తెలియక రెండు చేతులూ గాల్లోనే ఉంచుకున్నాను.

ఆయన వచ్చి గుమ్మంలో బూట్లు విప్పుతూ మమ్మల్ని చూశారు. "ఇదేంటిది" అనలేదు. లోపలికి వెళ్ళి, కుర్చీ వేసుకుని, బీరువా మీద నుంచి నీలం సూట్‌కేసు దింపారు. తడిగుడ్డతో దుమ్ము తుడిచారు. గోధుమరంగు చుక్కలు మాత్రం పోలేదు. తెచ్చి నా పక్కన నేల మీద పెట్టారు.

"ఇదిగో మేనేజరూ, నీ ఆఫీసు కిందకి మారింది," అన్నారు.

మేనేజరు తలెత్తి సూట్‌కేసుని చూసింది, వాసన పట్టింది. తర్వాత తెరిచి ఉన్న పడగ్గది తలుపులోంచి ఖాళీ బీరువా పైభాగాన్ని చూసింది. చాలాసేపు అటే చూస్తూ ఉంది.

"కాస్త లైన్లో ఉండండి, మేనేజరుగారూ," అన్నాను, దాన్ని నవ్వించడానికో, ఆయన్ని నవ్వించడానికో.

అది మళ్ళీ తల వాల్చి నా ఒళ్ళోనే పడుకుంది. ఆయన సూట్‌కేసు అవతల కూర్చుని, గుట్టలోంచి ఒక చొక్కా తీసి మడతపెట్టడం మొదలుపెట్టారు. నా కాళ్ళు తిమ్మిరెక్కుతున్నాయి. కదల్లేదు.