మొద్దు శిష్యుడి గొంతు

పాడైపోతున్న సీడీలను కొత్త కంప్యూటర్లలో ఆడేలా చేసి భద్రపరిచే గది అది. కిటికీ లేదు. పాత కంప్యూటరు ముందు టెక్నీషియన్, పక్కన స్టూలు మీద అన్న.

ఈ సీడీ చేసింది అన్నే. పిల్లలకు ప్రాచీన కావ్యం నేర్పే ఆట. గురువు పద్యం మొదలుపెడతాడు, తర్వాతి పాదం పిల్లలు ఎంచుకోవాలి. తప్పయితే మొద్దు శిష్యుడు లేచి నత్తినత్తిగా అప్పజెబుతాడు. తరగతంతా నవ్వుతుంది. ఆ గొంతూ ఆ నత్తీ అన్న తమ్ముడివి. అప్పుడు చిన్నపిల్లాడు.

ఇప్పుడతను కూరగాయల మండీలో వేలం వేస్తాడు. నత్తి ఎలా వదిలించుకున్నాడో ఇంట్లో ఎవరూ అడగలేదు. అది ఒకప్పుడు ఉండేదనే మండీలో ఎవరికీ తెలియదు.

“ఆ ముక్క తీసేయండి సార్,” అన్నాడు తమ్ముడు, వస్తూనే. “ఈ సీడీ మళ్లీ బళ్లకు పంపుతారట. మా అమ్మాయి చూస్తుంది.”

“మేం ఏదీ తీయం. ఉన్నది ఉన్నట్టు ఉంచడమే మా పని,” అన్నాడు టెక్నీషియన్.

“తీయక్కర్లేదులేరా,” అన్నాడు అన్న. “సరిగ్గా అక్కడే గీత పడింది. నీ గొంతొక్కటే పోయింది.”

తమ్ముడు ఊపిరి వదిలాడు.

“సంబరపడకు. అది లేక ఆట అక్కడే ఆగిపోతోంది. పోయిన ముక్కను మొదట పలికినవాడైతే మళ్లీ పలకొచ్చట. అందుకే రమ్మన్నా.”

“చిన్నపిల్లాడి గొంతు ఎక్కణ్ణుంచి తేను?”

“గొంతు మిషన్ సన్నం చేస్తుంది. నత్తి మిషన్‌కు రాదు.” అన్న మైకు అతని వైపు తిప్పాడు. “నాన్న పోయాక నిన్ను పెంచింది నేను. ఇన్నాళ్లలో ఏమన్నా అడిగానా?”

తమ్ముడు కాగితం చూసి చదివాడు. పాదం గడగడా వచ్చేసింది.

“ఇదేం వేలమా? నవ్వెవరికొస్తుంది?” అన్నాడు అన్న. “నాన్న బెల్టు పట్టుకుని పేరు చెప్పమనేవాడు చూడు. అది తల్చుకో.”

తమ్ముడు కళ్లు మూసుకున్నాడు. ఈసారి మొదటి అక్షరం దగ్గరే నాలుక పట్టేసింది. తర్వాత దవడ. మెడనరాలు లేచాయి. పాదం పూర్తయ్యేసరికి చొక్కా తడిసింది.

“అద్దీ,” అన్నాడు అన్న, తొడ చరుచుకుని.

టెక్నీషియన్ ముక్క అతికించాడు. శిష్యుడు లేచాడు, తరగతి నవ్వింది, ఆట ముందుకు కదిలింది.

మర్నాడు మండీలో టమాటా పెట్టెలు దిగాయి. తమ్ముడు బల్ల ఎక్కాడు. ధర చెప్పబోయి “ప... ప...” దగ్గర ఆగాడు. వేళాకోళమనుకుని కొనేవాళ్లు నవ్వారు. మళ్లీ నోరు తెరిచాడు. దవడ వణికింది తప్ప మాట రాలేదు.

మండీ యజమాని బల్ల దగ్గరికి వచ్చాడు.

“దిగు,” అన్నాడు, ఇంకొకణ్ణి ఎక్కమని చెయ్యి ఊపుతూ.